రాష్ట్రపతి పదవి ఖాళీయైనప్పుడు

1969వ సంవత్సరము మే నెల 3వ తేదీ, శనివారము. ప్రొద్దు పదకొండు గంటలు దాటినది. ఢిల్లీలోని రాష్ట్రపతి భవనమున డాక్టరు జాకిర్ హుసేనుకు హఠాత్తుగా గుండెపోటు వచ్చెను. వైద్యులు దాపుననే యున్నను వారి ప్రయత్నము ఫలింపలేదు. ఆయన కన్నుమూసెను. 1967 మే 13వ తేదీన పదవి స్వీకరించిన ఆయనకు రెండు సంవత్సరములు నిండుటకు ఇంకను పది దినములు మిగిలియుండెను. భారత రాష్ట్రపతులలో పదవియందుండగా మరణించిన మొదటివాడు ఆయనయే.

జాకిర్ హుసేను 1897 ఫిబ్రవరి 8వ తేదీన హైదరాబాదు నగరమున జన్మించెను. ఆయన తండ్రి అచ్చట న్యాయవాది. చిన్ననాటనే తండ్రిని గోలుపోయి ఉత్తరదేశమునకు తరలిపోయి, అచ్చట విద్యలు గడించి, జర్మనీలో అర్థశాస్త్రమున డాక్టరు పట్టము పొందెను. పెద్ద ఉద్యోగములకు పోక జామియా మిలియా ఇస్లామియా అను జాతీయ విద్యాపీఠమునకు ఇరువది రెండు సంవత్సరములు ఉపకులపతిగా నుండెను. అతి స్వల్పమైన జీతముతో కాలము గడపెను. పిల్లలకొరకు కథలు వ్రాసెను. గులాబీ పూల నన్న ఆయనకు ప్రాణము. పిదప బీహారు గవర్నరుగాను, ఉపరాష్ట్రపతిగాను పనిచేసెను. 1967లో ఆయన రాష్ట్రపతి పదవికి పోటీచేసినప్పుడు ప్రత్యర్థిగా నిలిచినవాడు మన కోకా సుబ్బారావు. సుప్రీంకోర్టు ప్రధాన న్యాయమూర్తి పదవిని వదలుకొని ఆయన ఆ ఎన్నికకు దిగెను.

అట్టి పెద్దమనిషి మరణించినాడని దేశమంతయు శోకించుచుండగనే, ప్రభుత్వమున కొక ప్రశ్న ఎదురయ్యెను. ఆ సాయంకాలమునకు దేశమునకు రాష్ట్రపతి యెవరు?

ఇది పైకి కనబడునంత చిన్న ప్రశ్న కాదు. కేంద్ర ప్రభుత్వపు కార్యనిర్వాహకాధికార మంతయు రాష్ట్రపతియందున్నదని మన రాజ్యాంగము చెప్పుచున్నది. పార్లమెంటు ఆమోదించిన బిల్లు ఆయన సమ్మతి లేనిదే శాసనము కాదు. సేనలపై సర్వోన్నతాధికారము ఆయనదే. గవర్నరులను, న్యాయమూర్తులను నియమించు పత్రములు ఆయన పేరుననే వెలువడవలెను. ఈ పనులన్నిటిని ఆయన మంత్రులు చెప్పిన సలహాపైననే చేయుననుట నిజమే. అయినను సలహా చెప్పువారు కలరని సంతకము చేయువాడు అక్కరలేకుండ పోడు. ఆ పీఠము ఒక్క వారము శూన్యముగా నున్నను ప్రభుత్వ యంత్రము ఎక్కడనో ఒకచోట చిక్కుపడును.

పూర్వము రాజులు మరణించినప్పుడు ఏమి జరుగుచుండెనో మన తెలుగుదేశ చరిత్రలోనే చూడవచ్చును. 1748లో దక్కను నేలుచున్న నిజాముల్ముల్కు మరణించెను. ఆయన కుమారుడు నాసర్ జంగు ఒకవైపు, కుమార్తె కొడుకు ముజఫర్ జంగు మరియొకవైపు పీఠమునకై కత్తులు దూసిరి. ఒకరికి ఇంగ్లీషువారు, మరియొకరికి ఫ్రెంచివారు అండగా నిలిచిరి. 1750లో నాసర్ జంగు హతుడయ్యెను. తరువాత కొలది వారములకే, 1751లో, ముజఫర్ జంగు కడప మండలమున ప్రాణములు కోల్పోయెను. అప్పుడు ఫ్రెంచి సేనాని బుస్సీ సలాబత్ జంగును గద్దె నెక్కించెను. ఈ సహాయము ఊరక వచ్చినది కాదు. 1753లో కొండపల్లి, ఏలూరు, రాజమహేంద్రవరము, శ్రీకాకుళము సర్కారుల ఆదాయము ఫ్రెంచి సైన్యపు జీతములకై ధారపోయబడెను. పీఠమెవరిదో ముందుగా తేల్చు నియమము లేకపోవుటచే, పొలము దున్నుకొను రైతు అడుగనైన అడుగకయే పరదేశీయుల పాలయ్యెను.

మన రాజ్యాంగమును రచించినవారు ఈ ప్రశ్నను గాలికి వదలలేదు. ఉపరాష్ట్రపతి యొకడు ఉండవలెనని 63వ అధికరణము చెప్పుచున్నది. సాధారణ దినములలో ఆయన పని రాజ్యసభకు అధ్యక్షత వహించుట. రాష్ట్రపతి మరణించినను, రాజీనామా చేసినను, తొలగింపబడినను, క్రొత్త రాష్ట్రపతి పదవిలో ప్రవేశించు దినమువరకు ఉపరాష్ట్రపతియే రాష్ట్రపతిగా వ్యవహరించునని 65వ అధికరణము నిర్ణయించినది. ఆ కాలమున ఆయనకు రాష్ట్రపతికి గల అధికారము లన్నియు ఉండును, రాష్ట్రపతి జీతమే ముట్టును. అయితే ఆ దినములలో ఆయన రాజ్యసభాధ్యక్ష స్థానమున కూర్చుండరాదు.

ఇచ్చట 'వ్యవహరించును' అను మాటను మీరు కొంచెము నిలిచి చూడవలెను. ఉపరాష్ట్రపతి రాష్ట్రపతి యగునని రాజ్యాంగము చెప్పలేదు. రాష్ట్రపతిగా వ్యవహరించునని మాత్రమే చెప్పినది. ఈ రెండింటికిని గల భేద మెంతటిదో తెలియవలెనన్న అమెరికా సంయుక్త రాష్ట్రముల కథ వినవలెను.

1841వ సంవత్సరము మార్చి 4వ తేదీన విలియం హెన్రీ హారిసన్ అమెరికా అధ్యక్షుడయ్యెను. నాటికి ఆయనకు 68 సంవత్సరములు. ఆ దినమున ఆయన దాదాపు రెండు గంటలసేపు ప్రసంగించెను. సరిగా ఒక నెలకు, ఏప్రిల్ 4వ తేదీన, ఆయన మరణించెను. అంతకుముందు ఆ దేశమున అధ్యక్షు డెవ్వడును పదవిలో నుండగా చనిపోలేదు. ఉపాధ్యక్షుడు జాన్ టైలర్ అప్పుడు వర్జీనియాలోని విలియమ్స్‌బర్గులో నుండెను. 5వ తేదీ ఉదయమున వార్త అతనికి చేరెను. 6వ తేదీన అతడు వాషింగ్టన్ చేరి ప్రమాణము చేసెను.

చిక్కంతయు ఆ తరువాత పుట్టెను. అధ్యక్షుడు మరణించినచో 'అది' ఉపాధ్యక్షునకు సంక్రమించునని అమెరికా రాజ్యాంగమున ఉండెను. 'అది' యనగా నేమి? అధ్యక్ష పదవియా, లేక ఆ పదవికి సంబంధించిన పనులు మాత్రమేనా? పనులు మాత్రమే యని కొందరు వాదించిరి. టైలర్ వినలేదు. తాను సంపూర్ణముగా అధ్యక్షుడనే యని పట్టుబట్టెను. తాత్కాలికాధ్యక్షుడని పేరు వ్రాసి వచ్చిన ఉత్తరములను విప్పకుండ త్రిప్పి పంపెనని చెప్పుదురు. ప్రత్యర్థులు అతనిని యాదృచ్ఛికముగా గద్దె నెక్కినవాడని ఎగతాళి చేసిరి. కాని అతని పట్టుదలయే గెలిచెను. కాంగ్రెసు అతనిని అధ్యక్షుడనియే అంగీకరించెను. ఆనాటినుండి అది ఆచారమయ్యెను. లింకన్ 1865లో, కెన్నెడీ 1963లో హంతకుల తుపాకులకు బలియైనప్పుడును, రూజ్వెల్టు 1945లో మరణించినప్పుడును, మొత్తము ఎనిమిదిమంది అధ్యక్షులు పదవిలో చనిపోయినప్పుడెల్ల, ఉపాధ్యక్షుడే అధ్యక్షుడై మిగిలిన కాలమంతయు ఏలెను. ఒక సర్వనామము అర్థము తేలక నడచిన ఈ ఆచారము 1967లో వచ్చిన 25వ సవరణతో గాని రాజ్యాంగమున స్పష్టముగా లిఖింపబడలేదు. వ్యాకరణమును తేలికగా చూచువారు ఈ సంగతి గుర్తుంచుకొనవచ్చును.

మనవారు మరియొక త్రోవ పట్టిరి. రాష్ట్రపతి మరణించిన ఆరు నెలల లోపల క్రొత్త రాష్ట్రపతిని ఎన్నుకొని తీరవలెనని 62వ అధికరణము శాసించుచున్నది. ఎన్నికైనవాడు చనిపోయినవాని మిగిలిన కాలము పూర్తిచేయుటకు వచ్చినవాడు కాదు. ఆయనకు పూర్తిగా ఐదు సంవత్సరముల కాలము లభించును. ఇట్లేల ఏర్పరచిరని అడిగినచో, ఈ ఇద్దరిని ఎన్నుకొనువారెవరో చూచిన సమాధానము దొరకునని నాకు తోచుచున్నది. రాష్ట్రపతిని ఎన్నుకొనునప్పుడు పార్లమెంటునకు ఎన్నికైన సభ్యులతోపాటు రాష్ట్రముల శాసనసభ్యులుకూడ ఓటు వేయుదురు. ఉపరాష్ట్రపతిని పార్లమెంటు సభ్యులు మాత్రమే ఎన్నుకొందురు. అట్టి ఉపరాష్ట్రపతి నాలుగేండ్లు రాష్ట్రపతిగా నుండిపోయినచో, ఆ నాలుగేండ్లు రాష్ట్రముల మాటకు తావే లేకపోవును. అమెరికాలోనన్న అధ్యక్షునికిని ఉపాధ్యక్షునికిని ఒకే ఎన్నికలో ఓట్లు పడును. కావున అచ్చటి పద్ధతి అచ్చటికి తగినదే, ఇచ్చటి పద్ధతి ఇచ్చటికి తగినదే.

మరల 1969 మే 3వ తేదీకి వత్తము. నాటి ఉపరాష్ట్రపతి వరాహగిరి వేంకటగిరి. ఆయన తెలుగువాడు. 1894లో బరంపురమున జన్మించెను. ఐర్లండులో న్యాయశాస్త్రము చదివి వచ్చి, రైల్వే కార్మికుల సంఘములను నిర్మించి, కేంద్రమున కార్మిక మంత్రియై, పిదప ఉత్తరప్రదేశ్, కేరళ, మైసూరు రాష్ట్రములకు గవర్నరుగా నుండెను. జాకిర్ హుసేను మరణించిన దినముననే గిరి తాత్కాలిక రాష్ట్రపతిగా ప్రమాణము చేసెను. అంతవరకు రాజ్యాంగము చెప్పినది చెప్పినట్లు జరిగెను.

కాని అప్పుడొక లోపము అందరి కంటను పడెను. గిరికికూడ ఏదైన ఆపద వచ్చినచో ఏమి కావలెను? రాష్ట్రపతి లేడు, ఉపరాష్ట్రపతియు లేడు. ఆ మూడవవాడెవడో రాజ్యాంగమున లేదు. అట్టి అవసరములకు పార్లమెంటు తగిన ఏర్పాటు చేసికొనవచ్చునని 70వ అధికరణమున నున్నది గాని, పందొమ్మిది సంవత్సరములు పార్లమెంటు ఆ ఏర్పాటు చేయనేలేదు. ఇల్లు తగులబడినప్పుడు గాని నూతి సంగతి జ్ఞాపకము రాదు కదా! మే 28వ తేదీన ఆ శాసనము వచ్చెను. రెండు పదవులును ఖాళీయైనచో సుప్రీంకోర్టు ప్రధాన న్యాయమూర్తియు, ఆయనయు లేనిచో ఆ కోర్టులోని న్యాయమూర్తులలో అందరికంటె సీనియరైనవారును రాష్ట్రపతి పనులు నిర్వహింపవలెనని అందు వ్రాయబడెను.

ఆ శాసనపు సిరా ఆరకముందే దానితో పని పడెను. ఆపద వచ్చుటచేత గాదు. గిరి రాష్ట్రపతి పదవికి స్వయముగా పోటీచేయ నిశ్చయించుటచేత. కాంగ్రెసు పార్టీ లోకసభాధ్యక్షుడైన నీలం సంజీవరెడ్డిని తన అభ్యర్థిగా ప్రకటించెను. ప్రధానమంత్రి ఇందిరాగాంధీకి ఆ నిర్ణయము రుచింపలేదు. గిరి ఏ పార్టీకిని చెందని స్వతంత్రుడుగా నిలిచెను. రాష్ట్రపతి పీఠమున కూర్చుండి ఆ పీఠమునకే ఓట్లడుగుట తగదని, జూలై 20వ తేదీన ఆయన రాజీనామా చేసెను. దానికి ముందు దినమున, 19వ తేదీన, పదునాలుగు పెద్ద బ్యాంకులను జాతీయము చేయు ఆర్డినెన్సుపై సంతకము చేసెను. తాత్కాలికుడైనను ఆయన అధికారము తాత్కాలికముగా నుండదనుటకు ఇంతకంటె మంచి నిదర్శనము కావలెనా?

ఈ రాజీనామాలో ఒక వింత యున్నది. ఉపరాష్ట్రపతి తన రాజీనామాను రాష్ట్రపతికి వ్రాసి పంపవలెను. రాష్ట్రపతి తన రాజీనామాను ఉపరాష్ట్రపతికి వ్రాసి పంపవలెను. ఈ రెండు స్థానముల భారమును ఒక్కనిపైననే యున్నప్పుడు ఉత్తరము ఎవరికి వ్రాయవలెను? రాజ్యాంగమును ఎంత జాగ్రత్తగా అల్లినను, లోకము అందు చొరబడుటకు ఒక సందు వెదకుకొనును.

నాటి ప్రధాన న్యాయమూర్తి ముహమ్మదు హిదయతుల్లా జూలై 20వ తేదీన తాత్కాలిక రాష్ట్రపతి యయ్యెను. సాధారణముగా రాష్ట్రపతిచేత ప్రమాణము చేయించువాడు ప్రధాన న్యాయమూర్తియే. ఆయనయే ప్రమాణము చేయవలసినవా డైనప్పుడు, సుప్రీంకోర్టులో సీనియరైన మరియొక న్యాయమూర్తి ఆ పని చేయించునని 60వ అధికరణమున ముందే కలదు. హిదయతుల్లా ముప్పదియైదు దినములు ఆ పీఠమున నుండెను. అమెరికా అధ్యక్షుడు నిక్సన్ ఢిల్లీకి వచ్చినప్పుడు మన దేశము తరపున స్వాగతము చెప్పవలసిన రాష్ట్రపతి ఆయనయే. కొలది దినముల క్రిందటివరకు తీర్పులు వ్రాసిన చేయి ఇప్పుడు దేశాధిపతికి కరచాలనము చేయుచుండెను.

ఆగస్టు 16వ తేదీన ఎన్నిక జరిగెను. ఇందిరాగాంధీ సభ్యులను తమ అంతరాత్మ ప్రబోధము ననుసరించి ఓటు వేయుడని కోరెను. బరిలో పదునైదుగురున్నను, అసలు పోరు గిరి, సంజీవరెడ్డి, చింతామణి ద్వారకానాథ దేశ్‌ముఖుల నడుమనే. చెల్లిన ఓట్ల విలువ మొత్తము 8,36,337. గెలుచుటకు అందు సగముకంటె ఎక్కువ, అనగా 4,18,169 రావలెను. మొదటి లెక్కలో గిరికి 4,01,515, సంజీవరెడ్డికి 3,13,548, దేశ్‌ముఖుకు 1,12,769 వచ్చెను. ఎవ్వరికిని చాలలేదు. ఈ ఎన్నికలో ఓటరు ఒక్క పేరు మాత్రమే వ్రాయడు. తనకు మొదట ఇష్టమైనవారెవరో, వారు కానిచో ఎవరో వరుసగా సంఖ్యలు వేయును. కావున తక్కువ ఓట్లు వచ్చినవారిని ఒక్కొక్కరినే తీసివేసి, వారి పత్రములలో రెండవ స్థానమున నున్న పేర్లకు ఆ ఓట్లను చేర్చుచు పోయిరి. దేశ్‌ముఖు ఓట్లలో పెక్కు సంజీవరెడ్డికి చేరి, వెనుకబడియున్న ఆయన గిరిని తరుముకొని వచ్చెను. తుదకు గిరికి 4,20,077, సంజీవరెడ్డికి 4,05,427. తేడా 14,650 మాత్రమే. భారత రాష్ట్రపతి ఎన్నికలో రెండవ ప్రాధాన్యపు ఓట్లు ఫలితమును తేల్చుట అదియే మొదలు. పోటీపడిన ఇద్దరును తెలుగువారే యగుటచే నాడు మన ఇండ్లలో ఈ లెక్క ఎంత ఆసక్తితో చూచియుందురో ఊహింపవచ్చును.

ఆగస్టు 24వ తేదీన గిరి ప్రమాణము చేసెను. జాకిర్ హుసేను మరణించి నాలుగు నెలలైన కాలేదు. ఈ స్వల్పకాలమున ఇద్దరు ఆ పీఠముపై తాత్కాలికముగా కూర్చుండి లేచిపోయిరి. పెద్ద పోరాటము జరిగెను. ఆ సంవత్సరము చివర కాంగ్రెసు పార్టీయే రెండుగా చీలెను. అయినను సంతకము చేయువాడు లేని దినము ఒక్కటియు రాలేదు.

ప్రధానమంత్రి మరణించినప్పుడు జరుగునది వేరు. కొందరు ఈ రెంటిని కలిపివేయుదురు. ప్రధానమంత్రికి వారసుడెవడో రాజ్యాంగము పేర్కొనలేదు. రాష్ట్రపతి యొకనిని పిలిచి ఆ భార మప్పగింపవలెను. 1964 మే 27వ తేదీన నెహ్రూ మరణించినప్పుడును, 1966 జనవరి 11వ తేదీన లాల్‌బహదూర్ శాస్త్రి తాష్కెంటులో మరణించినప్పుడును, పార్టీ తన క్రొత్త నాయకుని ఎన్నుకొనువరకు గుల్జారీలాల్ నందా ఆ భారము వహించెను. రాష్ట్రపతి విదేశములకు పోయినను, జబ్బుపడినను ఉపరాష్ట్రపతి ఆయన పనులు చూచుట మరియొక సంగతి. 1961లో రాజేంద్రప్రసాదు వ్యాధిగ్రస్తుడైనప్పుడు రాధాకృష్ణన్ అట్లే చూచెను. అప్పుడు పదవి ఖాళీ కాదు; ఎన్నికయు రాదు.

1977 ఫిబ్రవరి 11వ తేదీన మరల అదే కష్టము వచ్చెను. రాష్ట్రపతి ఫక్రుద్దీన్ అలీ అహమ్మదు పదవిలో నుండగా మరణించెను. దేశమున అప్పుడు అత్యవసర పరిస్థితి అమలులో నుండెను. లోకసభ ఎన్నికలు నెలరోజుల దూరములో నుండెను. ఉపరాష్ట్రపతి బి.డి. జట్టి పీఠమునకు వచ్చి 164 దినములు నిలిచెను. స్వాతంత్ర్యము వచ్చిన తరువాత మొదటిసారిగా కేంద్రమున కాంగ్రెసు ఓడిపోయి మొరార్జీ దేశాయి ప్రధానమంత్రి యైనప్పుడు ప్రమాణము చేయించినవాడు ఈ తాత్కాలిక రాష్ట్రపతియే. తొమ్మిది రాష్ట్రముల శాసనసభలను రద్దుచేయు ఉత్తర్వు వచ్చినప్పుడు ఆయన వెంటనే సంతకము చేయక సంశయించెను, పిదప చేసెను. ఆ సంశయమునకే దేశమంతయు ఊపిరి బిగపట్టి చూచెననిన, తాత్కాలికుని కలమునకును ఎంత బరువు గలదో తెలియును.

ఆ ఆరు నెలల గడువు లోపలనే క్రొత్త రాష్ట్రపతి వచ్చెను. 1969లో అంత స్వల్ప తేడాతో ఓడిపోయిన నీలం సంజీవరెడ్డియే ఈసారి పోటీ లేకుండ ఎన్నికయ్యెను. అనంతపురము జిల్లా ఇల్లూరు గ్రామమున పుట్టి, ఆంధ్రప్రదేశ్‌కు మొదటి ముఖ్యమంత్రియైన ఆయనకు ఒక రాష్ట్రపతి మరణము ఓటమిని తెచ్చినది. మరియొక రాష్ట్రపతి మరణము పీఠమును తెచ్చినది.

పంచాంగమును చూచినను ఈ మరణముల గుర్తులు కనబడును. రాష్ట్రపతి పదవీకాలము ప్రమాణము చేసిన దినమునుండి ఐదేండ్లు. 1952లో రాజేంద్రప్రసాదు మే 13వ తేదీన ప్రమాణము చేసెను. 1957లోను, 1962లోను, 1967లోను అదే తేదీ. జాకిర్ హుసేను మరణముతో ఆ వరుస తెగి, 1969లో గిరియు 1974లో ఫక్రుద్దీన్ అలీ అహమ్మదును ఆగస్టు 24వ తేదీన ప్రమాణము చేసిరి. 1977లో ఆ వరుసయు తెగెను. సంజీవరెడ్డి ప్రమాణము చేసినది జూలై 25వ తేదీన. ఆయన తరువాత ఏ రాష్ట్రపతియు పదవి మధ్యలో మరణించుటగాని, రాజీనామా చేయుటగాని జరుగలేదు. కావుననే జైల్ సింగు మొదలుకొని 2022లో ద్రౌపదీ ముర్ము వరకు రాష్ట్రపతులందరును జూలై 25వ తేదీననే ప్రమాణము చేసియున్నారు.